వర్చువల్ మెషీన్ గారికి ఒక ఈసీయూ బాధితుడి విన్నపం

ఒక కంప్యూటర్ కడుపులో మరో కంప్యూటర్‌లా నడిచే మహారాజశ్రీ వర్చువల్ మెషీన్ గారికి నమస్కరించి వ్రాయు విన్నపం.

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మర్యాదే గానీ, ఈ ఉత్తరంలో ఆ మాట సగమే నిజం. మీరు కుశలమే. నా కారు మాత్రం తాళం తిప్పితే డ్యాష్‌బోర్డు దీపాలన్నీ వెలిగించి, ఇంజిన్ అనే వస్తువొకటి తనకున్న సంగతే మరిచిపోయినట్టు నిలబడి ఉంది.

మిమ్మల్ని ఆశ్రయించడానికి కారణం మీకు తెలియనిది కాదు. ఇంజిన్‌ను నడిపే ఈసీయూ అనే చిన్న కంప్యూటర్‌లోని లెక్కలు మార్చడానికి నా దగ్గరున్న ట్యూనింగ్ సాఫ్ట్‌వేర్‌ను విండోస్ ఎక్స్‌పీ కోసం రాసిన మహానుభావులు, ఆ ఎక్స్‌పీకి 2014లో మైక్రోసాఫ్ట్ తిలోదకాలిచ్చిన తరువాత కూడా, కారుకు తగిలించే తమ కేబుల్‌ను నడిపే డ్రైవర్ ప్రోగ్రాంను ఒక్క అక్షరమైనా మార్చకుండా తాతలనాటి ఆస్తిలా కాపాడుకుంటూ వచ్చారు. నా కొత్త ల్యాప్‌టాప్ ఆ డ్రైవర్ మొహం చూడనంది. అప్పుడు మీరు ప్రత్యక్షమై, అటు కొత్తదీ కాని ఇటు పాతదీ కాని త్రిశంకు స్వర్గమొకటి కట్టి, అందులో ఎక్స్‌పీని కాపురం పెట్టారు.

మీ ప్రతిభను తక్కువ చేయను. ఇంధనం పట్టికలు, నిప్పురవ్వ ఎప్పుడు పడాలో చెప్పే ఇగ్నిషన్ టైమింగ్ మ్యాపులు మీ లోపల చక్కగా తెరుచుకున్నాయి. చిక్కంతా కేబుల్ దగ్గర వచ్చింది. అందులో యూఎస్‌బీకీ కారుకూ మధ్య దుబాసీగా ఉండే ఎఫ్‌టీడీఐ చిప్‌కు, అందిన డేటా కొద్దిగానే ఉంటే మరికొంత వస్తుందేమోనని 16 మిల్లీసెకన్లు ఎదురుచూడడం పుట్టుకతో వచ్చిన అలవాటు. అది చాలదన్నట్టు ప్రతి ప్యాకెట్టూ ముందు ల్యాప్‌టాప్ అసలు సిస్టమ్ గుమ్మం తొక్కి, ఆపై మీ గుమ్మం తొక్కి, అప్పుడు గానీ ఎక్స్‌పీ దర్శనం చేసుకోలేదు. నిమిషానికి 6,000 చుట్లు తిరిగే క్రాంక్‌షాఫ్ట్‌కు ఒక చుట్టుకు పట్టేది 10 మిల్లీసెకన్లే కనుక, తెర మీద నేను భక్తిగా చూసే అంకె ఇంజిన్ ఏనాడో దాటిపోయిన చుట్టుది. ఈసీయూతో మాటలు నడిపే తీగ, మా పాత కే-లైన్ సంగతి మరీ సున్నితం. సెకనుకు 10,400 బిట్లతో నడిచే వేగంలో అది వృద్ధుడే గానీ, కోపంలో దుర్వాసుడు: అయిదు సెకన్లు పలకరించకపోతే సంభాషణను అక్కడితో తెంచేస్తుంది.

ఆ రోజు ఫ్లాషింగ్, అంటే ఈసీయూలో పాత ప్రోగ్రాం చెరిపి కొత్తది రాయడం, డెబ్బై శాతం దాటింది. బ్యాటరీకి చార్జర్ తగిలించాను, నిద్రావస్థ సెట్టింగును ఆపాను, ఊపిరి కూడా ఆచితూచి పీల్చాను. ఇంతలో యూఎస్‌బీ ఒక్కసారి రీసెట్ అయింది. అయ్యీ కాకముందే అసలు సిస్టమ్, కొత్త పరికరం దొరికిందని ఉత్సాహంగా ప్రకటించి, కేబుల్‌ను మీ చేతిలోంచి లాగేసుకుంది. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడని మనవాళ్ళు ఊరికే అనలేదు. అటు ఈసీయూలో పాత ప్రోగ్రాం చెరిగిపోయింది, కొత్తది సగమే చేరింది.

అప్పుడు మీరు చేసిన పనే నన్ను ఎక్కువగా బాధించింది. స్నాప్‌షాట్ అనే, ముందే దాచుకున్న స్థితిని నొక్కగానే, ఉదయం నేను కేబుల్ తగిలించకముందున్న స్థితికి చక్కగా వెనుదిరిగి, ఏ పాపమూ ఎరగనట్టు కూర్చున్నారు. మీకు గతంలోకి దారి ఉంది. పెట్టె విప్పదీసి, బల్ల మీద పరచి, ప్రోగ్రాం చెడినా కొత్తది స్వీకరించే బూట్ మోడ్‌లో మొదటినుంచి రాయిస్తే తప్ప ఈసీయూకు లేదు. (ఒరిజినల్ ఫైలు ముందే చదివి దాచుకున్నాను కాబట్టి ఈ ఉత్తరంలో వ్యంగ్యానికి చోటు మిగిలింది; లేకపోతే శాపనార్థాలే ఉండేవి.)

కనుక పని విభజన చేస్తున్నాను. మ్యాపులు దిద్దడం, లాగ్ గ్రాఫులు చూడడం ఇకపై కూడా మీ అధీనంలోనే ఉంటాయి. ఫ్లాషింగ్ మాత్రం, మూత కీలు విరిగి గోడకు ఆనించితే గానీ నిలబడని నా పాత ల్యాప్‌టాప్‌కు అప్పగించాను. దానికి స్నాప్‌షాట్ తెలియదు, కేబుల్ లాక్కునే యజమానీ లేడు. మీ సెట్టింగుల్లో కేబుల్‌ను మీకు అప్పగించే యూఎస్‌బీ ఫిల్టర్‌ను తొలగించాను. దయచేసి అన్యథా భావించవద్దు.

ఇట్లు,
కారును తోసుకుంటూ షెడ్డులో పెట్టిన మీ విధేయుడు