బీరువా తాళం తీయండి

ఉత్తర చెన్నైలో ఒక తెలుగు క్రైస్తవ సంఘం. పేరు రాయడం లేదు, ఎందుకంటే ఈ పరిస్థితి ఆ ఒక్క చర్చిది కాదు. పాస్టరుగారి గదిలో ఇనప బీరువా తెరిస్తే పై అరలో ప్రభురాత్రి భోజనం గిన్నెలు, మధ్య అరలో మడిచిపెట్టిన క్రిస్మస్ నక్షత్రాలు, అన్నిటికంటే కింద, నేలకి జానెడు ఎత్తులో, పాత బాప్తిస్మం రిజిస్టరు. 2023 డిసెంబరులో మిచౌంగ్ తుఫానుకి గదిలోకి వచ్చిన నీళ్ళు సరిగ్గా ఆ అర దాకా వచ్చాయి. అట్ట ఉబ్బిపోయింది, కింది అంచు నల్లబడింది, రెండు చోట్ల ఆకులు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. అంతకుముందెప్పుడో చిరిగిన చోట ఎవరో మంచి మనసుతోనే సెల్లో టేపు వేశారు. ఆ టేపు పసుపెక్కి, జిగురు అక్షరాల మీదికి దిగింది.

బాగున్న పేజీ ఒకటి చూడండి. వరస నంబరు, తేదీ, పేరు, తల్లిదండ్రుల పేర్లు, ఊరు, చేసే పని, బాప్తిస్మం ఇచ్చినవారి సంతకం. పోలయ్య అని రాసి పక్కన పౌలు అని ఉంది. ఊరి గడిలో కావలి, కందుకూరు, ఒంగోలు. పని గడిలో మిల్లు, హార్బరు కూలి, కార్పొరేషను. ఆ పోలయ్య ఈ లోకంలో బతికాడనడానికి కాగితం మీద మిగిలిన గుర్తు బహుశా ఆ ఒక్క వరసే. భూమి లేదు కాబట్టి పట్టా లేదు, బడికి వెళ్ళలేదు కాబట్టి బడి రికార్డు లేదు, శిలాశాసనం వేయించేంత స్తోమత ఆ వంశంలో ఎవరికీ లేదు. ఆయన ముని మనవరాలు ఇవాళ పులియంతోపులోనో పెరంబూరులోనో ఉంటే, తన మనుషులు ఎక్కణ్ణించి వచ్చారో తెలుసుకోవడానికి ఉన్న దారి ఆ అడుగు అరలో ఉంది.

మేం ఈ సంపాదకీయం రాస్తున్నది ఆ దారి మూసుకుపోకముందే ఏదైనా చేద్దామని అడగడానికి.

కొంచెం వెనక్కి వెళ్దాం. 1876-78 కరువులో నెల్లూరు, ఒంగోలు పల్లెలు ఖాళీ అయిపోయాయి. కరువు పని కింద బకింగ్‌హామ్ కాలువ తవ్వకం సాగింది. ఒంగోలులో ఉన్న అమెరికన్ బాప్టిస్టు మిషనరీ జాన్ క్లౌ ఆ కాలువలో కొంత భాగం కాంట్రాక్టు తీసుకుని, ఎక్కువగా మాదిగపల్లెల మనుషులకి, పని పెట్టాడు. కూటికోసం మతం మారారన్న మాట రాకూడదని కరువు పని జరిగినన్నాళ్ళూ ఎవరికీ బాప్తిస్మం ఇవ్వలేదు. పని ముగిశాక 1878 జూలై 3న ఒక్కరోజులో 2,222 మందికి ఇచ్చారు. ఆ అంకె అప్పట్నించీ ప్రపంచమంతా తిరుగుతూనే ఉంది, మిషన్ చరిత్ర రాసిన ప్రతివాళ్ళూ దాన్ని ఎత్తి రాశారు. కానీ అంకెతో ఎవరికి చుట్టరికం ఉంటుంది? మనకి కావలసింది పేర్లు. ఆ పేర్లూ, ఆ తర్వాతి తరం పేర్లూ, ఆ కాలువ మీదే పడవల్లో మద్రాసుకి చేరి ఇక్కడి వీధులు ఊడ్చినవాళ్ళ, మిల్లుల్లో నూలు వడికినవాళ్ళ పేర్లూ దొరికితే సంఘాల రిజిస్టర్లలోనే దొరకాలి.

ఇక్కడ ఒక తేడా గమనించండి. ఈస్టిండియా కంపెనీ రోజుల నుంచీ మద్రాసులోని యూరోపియన్ల బాప్తిస్మాలు, పెళ్ళిళ్ళు, సమాధుల రిజిస్టర్లకి నకళ్ళు తీసి లండన్ పంపేవాళ్ళు. అవి ఇప్పటికీ బ్రిటిష్ లైబ్రరీలో ఉన్నాయి. ఇక్కడి అసలు రిజిస్టరుని చెదలు తిన్నా అక్కడ రెండో ప్రతి ఉంది. జర్మన్ మిషనరీ బెంజమిన్ షుల్జ్ 1726లో మద్రాసు వచ్చి, ఇక్కడి జనం తెలుగు మాట్లాడుతుంటే విని నేర్చుకుని, 1728లో లాటిన్‌లో రాసిన తెలుగు వ్యాకరణం జర్మనీలోని హాలేలో భద్రంగా ఉండబట్టే 1984లో అచ్చు కాగలిగింది. రెండు వందల యాభై ఏళ్ళు ఆ కాగితం ఎదురుచూసింది! మన పోలయ్యకి మాత్రం లండన్‌లో నకలు లేదు, హాలేలో పెట్టె లేదు. ఉన్నది ఒకే ప్రతి, అది కూడా కింది అరలో.

అన్నమయ్య కీర్తనల సంగతి అందరికీ తెలిసిందే. రాగిరేకుల మీద చెక్కించారు కాబట్టి తిరుమల భండారంలో శతాబ్దాల పాటు ఓపిక పట్టగలిగాయి. కాగితానికి అంత ఓపిక ఉండదు, అందులోనూ మద్రాసు ఉప్పుగాలిలో. పైగా ఆనాటి సిరాలో ఇనుము ఉండేది, తేమ తగిలితే ఆ సిరాయే రాసిన గీత వెంబడి కాగితాన్ని తినేస్తుంది. కొన్ని పేజీల్లో అక్షరం ఉండాల్సిన చోట అక్షరం ఆకారంలో కన్నం ఉంటుంది, చేత్తో పట్టుకుంటే పొడి రాలుతుంది.

దాచడానికి చోటు లేక కాదు. కిల్పాక్‌లోని గురుకుల్ లూథరన్ థియలాజికల్ కాలేజీలో లూథరన్ సంఘాల రికార్డుల భాండాగారం ఉంది. 1842లో అమెరికన్ మిషనరీ హేయర్ గుంటూరు వచ్చి మొదలుపెట్టిన సంఘం కూడా ఆ లూథరన్ కుటుంబంలోదే. బెంగళూరులో 1910లో మొదలైన యునైటెడ్ థియలాజికల్ కాలేజీలో దక్షిణాది మిషన్ల పాత కాగితాలు ఉన్నాయి. మతం మాట పక్కన పెడితే, మన చెన్నైలోనే 1886లో దివ్యజ్ఞాన సమాజం ఆల్కాట్ పెట్టిన అడయారు లైబ్రరీ ఉంది, బ్రౌన్ దొర, మెకంజీ సేకరించిన తెలుగు ప్రతుల్ని కాపాడుతున్న ప్రభుత్వ ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారం ఉంది. తాటాకుకి నిమ్మగడ్డి నూనె ఎలా రాయాలో, తడిసిన పుస్తకాన్ని ఎండలో పెట్టకుండా అద్దుడు కాగితాలు పెట్టి ఫ్యాను గాలికి ఎలా ఆరబెట్టాలో తెలిసిన చేతులు ఈ నగరంలో ఉన్నాయి. బ్రిటిష్ లైబ్రరీ 2004 నుంచి నడుపుతున్న ప్రమాదంలో ఉన్న రికార్డుల పథకం (ఎన్‌డేంజర్డ్ ఆర్కైవ్స్ ప్రోగ్రామ్), అసలు ప్రతులు ఇక్కడే ఉంచి డిజిటల్ నకళ్ళు తీయడానికి డబ్బు ఇస్తుంది. అడగాల్సింది మనం.

మరి సంఘాలు ఎందుకు ఇవ్వవు? మేం అడిగినచోటల్లా వచ్చిన జవాబులు రెండే. మొదటిది, రిజిస్టరు బయటికి పోతే తిరిగి రాదేమోనన్న భయం. చాలా చర్చిల్లో కమిటీ తగాదాలు, ఆస్తి కేసులు ఉన్నాయి, ఎవరు సభ్యులో తేల్చే పుస్తకం ఎవరి చేతిలో ఉంటే వాళ్ళదే పైచేయి. అందుకే ఆ తాళంచెవి సెక్రటరీ జేబులోంచి ట్రెజరరు జేబులోకి మారడానికి కూడా గొడవ జరుగుతుంది. దీనికి మందు ఉంది. భాండాగారానికి ఇచ్చేటప్పుడు రాతపూర్వకంగా, సొంతదారు సంఘమే, కాపలా మాత్రమే మీది అని ఒప్పందం రాసుకోవచ్చు. సంఘానికి మొత్తం స్కాన్ ప్రతి ఇవ్వాలని అందులోనే రాయించుకోవచ్చు.

రెండో జవాబు బరువైనది, దాన్ని కొట్టిపారేసే హక్కు మాకు లేదు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం క్రైస్తవంలోకి వెళ్ళిన దళితులకి ఎస్సీ హోదా లేదు. 1956లో సిక్కులకి, 1990లో బౌద్ధులకి ఇచ్చారు, వీళ్ళకి ఇవ్వలేదు. 2024 నవంబరులో, ఎస్సీ సర్టిఫికెట్ కోసం నడిచిన పుదుచ్చేరి కేసులో సుప్రీంకోర్టు ముందుకి బాప్తిస్మం రికార్డు కూడా సాక్ష్యంగా వచ్చింది. ఉద్యోగం, చదువు, పిల్లల భవిష్యత్తు ఒక రిజిస్టరు వరస మీద ఆధారపడి ఉన్నప్పుడు, ఆ రిజిస్టరు ఎవరు పడితే వాళ్ళు తెరిచే చోట పెట్టమంటే ఏ తల్లి ఒప్పుకుంటుంది? ఆ భయం న్యాయమైనది. అందుకే మా మాట సూటిగా ఇది: నూరేళ్ళు దాటిన పేజీలు పరిశోధకులకీ కుటుంబాలకీ తెరవండి. నూరేళ్ళు దాటనివి తాళంలోనే ఉండాలి, ఆ కుటుంబం అడిగితే వాళ్ళకి మాత్రమే చూపించాలి. ఏ పేజీ స్కానూ ఇంటర్నెట్‌లో పెట్టకూడదు, కులం గడి ఉన్నది అసలే పెట్టకూడదు. ఈ షరతు ఒప్పుకోని భాండాగారానికి రిజిస్టరు ఇవ్వొద్దు.

"మా కుర్రాళ్ళు ఫోనులో ఫోటోలు తీసేశారండీ" అంటారు కొందరు. సంతోషమే. కానీ ఆ ఫోను పోయింది, ఆ కుర్రాడు ఉద్యోగానికి దుబాయ్ వెళ్ళాడు. ఫోటోలు తీస్తే ఒకే రకంగా, ఫ్లాష్ లేకుండా, పేజీ నంబరు కనబడేలా తీసి మూడు వేర్వేరు చోట్ల దాచాలి.

ఇంకో సంగతి, దీని గురించి ఎవరూ మాట్లాడటం లేదు. ఆ రిజిస్టర్లలో చాలా భాగం గొలుసుకట్టు రాత. కలం ఎత్తకుండా ఒక అక్షరంలోంచి ఇంకో అక్షరంలోకి పోయే ఆ రాతని ఇవాళ చదవగలిగేవాళ్ళు డెబ్భై దాటినవాళ్ళే. తమిళనాడులో 2006 చట్టం తర్వాత బడిలో తమిళం తప్పనిసరి అయ్యాక, ఇంట్లో తెలుగు మాట్లాడే పిల్లల్లో అచ్చు తెలుగు చదవగలిగేవాళ్ళే తగ్గిపోయారు, గొలుసుకట్టు సంగతి చెప్పక్కర్లేదు. కాబట్టి కాగితాన్ని కాపాడితే సగం పనే అయినట్టు. సంఘంలో ఉన్న పెద్దవాళ్ళని, రిటైరైన టీచర్లని, ఇల్లిల్లూ తిరిగి బైబిలు చెప్పిన పాత బైబిలు స్త్రీలని కూర్చోబెట్టి, పక్కన కంప్యూటర్ వచ్చిన ఒక పిల్లనో పిల్లాణ్ణో పెట్టి, వరస వరసా చదివించి టైపు చేయించాలి. ఆదివారం ఆరాధన తర్వాత గంటసేపు చాలు. ఈ పనికి ముందుకొచ్చే ఏ సంఘానికైనా గొలుసుకట్టు చదివేవాళ్ళని వెతికిపెట్టే బాధ్యత మా పత్రిక తీసుకుంటుంది.

ఈశాన్య రుతుపవనాలు అక్టోబరులో వస్తాయి. 2015 డిసెంబరు వరదలో, మిచౌంగ్‌లో ఏం జరిగిందో ఈ నగరానికి చెప్పాల్సిన పని లేదు. చేతులు కాలాక ఆకులు పట్టుకునే ఓపిక ఈ కాగితానికి లేదు. సంఘ పెద్దలారా, ఈ ఆదివారమే రిజిస్టరుని కింది అరలోంచి పై అరకి మార్చండి, గిన్నెలు కిందికి దించినా ప్రభువుకి కోపం రాదు. నాఫ్తలిన్ ఉండలు తీసేసి మెత్తటి నూలుగుడ్డలో చుట్టండి. కొత్తగా టేపు వేయకండి.

మేం చూసిన ఆ రిజిస్టరులో అతుక్కుపోయిన ఆకుల మధ్య ఎన్ని పేర్లున్నాయో ఎవరికీ తెలీదు. విడదీద్దామని ఒకాయన గోరు పెట్టబోతే పాస్టరుగారు చెయ్యి పట్టుకుని ఆపారు. అది తెలిసినవాళ్ళు చేయాల్సిన పని. ఆ ఆకులు ఇంకా అలాగే ఉన్నాయి.