మళ్లీ అరుగు మీదికేనా?

వేధింపులు పడలేక కోడలు పోలీసు స్టేషన్ మెట్లెక్కిందంటే అప్పటికే రెండు పంచాయితీలు దాటి వచ్చిందని అర్థం. మొదటిది పుట్టింటి వసారాలో, సంబంధం కుదిర్చిన మధ్యవర్తిని కూర్చోబెట్టి. రెండోది రామాలయం అరుగు మీద, ఊరి పెద్దమనుషుల ముందు. మూడోది స్టేషన్లోనే జరుగుతుంది, దాని పేరు కౌన్సెలింగ్. రాజోలు నుంచి భీమవరం దాకా ఈ వరుస అందరికీ తెలిసిందే. ఇవి చాలవన్నట్టు ఇప్పుడు నాలుగోది.

అలహాబాద్ హైకోర్టు 2022లో ఇచ్చిన మార్గదర్శకాలను అమలు చేయాలని 2025 జూలైలో సుప్రీంకోర్టు ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. వాటి ప్రకారం భర్త, అత్తింటివారి వేధింపుల మీద పెట్టే 498ఎ కేసు (2024 జూలై నుంచి భారతీయ న్యాయ సంహిత 85వ సెక్షన్) నమోదైనా రెండు నెలలు అరెస్టు ఉండదు. హత్యాయత్నం వంటి పెద్ద సెక్షన్లు లేకపోతే ఫిర్యాదు, ఇరువైపులా పిలిచి రాజీకి ప్రయత్నించే కుటుంబ సంక్షేమ కమిటీకి వెళ్తుంది. 2017లోనూ ఇద్దరు న్యాయమూర్తులే ఇలాంటి కమిటీలు వేయమన్నారు. చట్టంలో లేనిది కుదరదని 2018లో ముగ్గురు న్యాయమూర్తులు వాటిని తీసేశారు. ముగ్గురు కాదన్నది ఏడేళ్లకు ఇద్దరి మాటతో తిరిగొచ్చింది. ఇదే దారి అయితే రేపు ఇంకే తీర్పు నిలుస్తుంది?

అత్తమామల్ని, పెళ్లై వెళ్లిపోయిన ఆడపడుచుల్ని కూడా కేసుల్లో ఇరికిస్తున్నారన్న మాట నిజమే. తెలంగాణ నుంచి వెళ్లిన ఒక కేసులో 2024 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆ సంగతే గట్టిగా చెప్పి కేసు కొట్టేసింది. అయితే ఫిర్యాదు రాగానే అరెస్టు చేయొద్దని, అప్పటి నేర విచారణ చట్టంలోని 41ఎ నోటీసు ఇచ్చి విచారణకు పిలవాలని 2014లోనే సుప్రీంకోర్టు తీర్పు ఉంది కదా. ఆ రక్షణ ఉండగా ఈ కమిటీ ఎవరి కోసం?

దొంగతనానికి శిక్ష మూడేళ్ల వరకు. భార్యను వేధించినందుకూ అంతే. చెరువు గట్టు మీద ఏరేటర్ మోటారు పోయిందని రైతు ఫిర్యాదు చేస్తే, రెండు నెలలు దొంగతో కూర్చుని మాట్లాడుకో అని ఏ కోర్టూ అనదు. మోటారుకు లేని విరామం కోడలికే ఎందుకు?

పైగా గృహహింస చట్టం వచ్చింది 2005లో. మొదటి వాయిదా నుంచి అరవై రోజుల్లో దరఖాస్తు తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలని అందులో రాసుంది. ఆ అరవై రోజుల మాట ఏమైందో కోర్టు వరండాలో నిలబడితే తెలుస్తుంది. పొద్దున్నే లంక నుంచి పంటు దాటి, బస్సెక్కి వచ్చిన అమ్మాయి చంకలో పిల్లాడితో పిలుపు కోసం చూస్తుంటుంది. పక్కన తండ్రి, చేతిలో కవరు. అందులో బంగారం కొన్న రసీదులు, ఆడపడుచు లాంఛనాల లెక్క రాసిన నోటుబుక్కు కాగితం. మధ్యాహ్నానికి పేరు పిలుస్తారు, అవతలి లాయరు టైమ్ అడుగుతాడు, ఇస్తారు. మనోవర్తి సంగతి మళ్లీ వాయిదాకే. తేల్చడానికి ఇచ్చిన అరవై రోజులు ఎవరికీ గుర్తుండవు గానీ, ఆగడానికి మాత్రం ఇంకో అరవై రోజులు కొత్తగా దొరికాయి.

ఆ రెండు నెలల్లో ఏం జరుగుతుందో డెల్టాలో ఎవరినడిగినా చెబుతారు. లాకర్లో బంగారం చోటు మారుతుంది. ఫోన్లో మెసేజ్‌లు మాయమవుతాయి. పాస్‌పోర్టు ఉన్న అల్లుడు కువైట్ చేరతాడు. వైద్య నివేదికలు, వాంగ్మూలాలు పోలీసులు తీసుకోవచ్చన్నారు గానీ, పై నుంచి ఆగమన్న కేసులో ఏ ఎస్సై పరుగెత్తుతాడు?

కమిటీలో ఎవరుంటారో కూడా చూడండి. అయిదేళ్లలోపు ప్రాక్టీసున్న లాయరో, లా ఆఖరి ఏడాది విద్యార్థో, సామాజిక కార్యకర్తో, రిటైరైన జడ్జో ఉండొచ్చు. జిల్లాలోని సీనియర్ అధికారుల చదువుకున్న భార్యలూ ఉండొచ్చట. భర్త హోదా చూసి పెద్దరికం ఇవ్వడం మన అరుగుల మీద పాత అలవాటే. దాన్ని హైకోర్టు మార్గదర్శకంగా చదవాల్సి వస్తుందని మాత్రం మేం అనుకోలేదు.

అలహాబాద్ సంగతి మనకెందుకని ఊరుకోవద్దు. సుప్రీంకోర్టు అన్న మాటకు రాష్ట్రాల సరిహద్దులు అడ్డురావు. రేపు అమలాపురంలోనో ఏలూరులోనో ఇలాంటి కమిటీ అంటే, వేసే ముందు 2018 తీర్పు ఒకసారి తీసి చదవండి. చదివాక కూడా తగువులు తీర్చే సరదా తీరకపోతే ఊరూరా రామాలయం అరుగులున్నాయి, వెళ్లి కూర్చోండి. కోర్టు పేరు వాడుకోనక్కర్లేదు.