ప్రకాశం పంతులుగారు ఏ డాక్యుమెంటరీలోనూ ‘నటించలేదు’

ఆంధ్ర రాష్ట్రం పుట్టిన అక్టోబర్ 1 దగ్గరపడితే చాలు, మా కర్నూలు వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తిరుగుతుంది. అందులో ఉండేది ఇదీ: టంగుటూరి ప్రకాశం, నీలం సంజీవరెడ్డి డాక్యుమెంటరీల్లో నటించారు, సినిమా వెబ్‌సైట్లలో పేర్లున్నాయి, పేరు వేశారంటే వాళ్లు ఒప్పుకున్నట్టే, రీలు అబద్ధం చెప్పదు, కాబట్టి చూపించిందంతా నిజం. నటించారనడం, ఒప్పుకున్నారనడం, చూపించిందంతా నిజమనడం, మూడూ తప్పే.

మొదట, నటన. ఆ వెబ్‌సైట్లలో ఇలాంటి పేర్ల పక్కన ‘ఆర్కైవ్ ఫుటేజ్’ అని చిన్నగా రాసి ఉంటుంది. ఎప్పుడో ఎవరో ఇంకో పనికి తీసిన దృశ్యాన్ని ఇప్పటి దర్శకుడు తెచ్చి వాడుకున్నాడని దానర్థం. 1945లో చచ్చిన హిట్లర్ పేరు మీద ఇలాంటివి వందల్లో ఉన్నాయి. ప్రకాశం పంతులుగారు పోయింది 1957లో, సంజీవరెడ్డిగారు 1996లో. ఆ తర్వాత తీసిన సినిమాలో వాళ్లు కనబడితే అది పాత రీలే.

ఇక అనుమతి. ఫుటేజీ వాడుకోవాలంటే అడగాల్సింది దాని హక్కుదారును. ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ తీసిన న్యూస్‌రీలైతే, అంటే సినిమా హాళ్లలో వేసే వార్తాచిత్రమైతే, ఆ హక్కు ప్రభుత్వానిదిగా ఉండేది. వేదిక మీద నెహ్రూ పక్కన నిలబడిన నాయకుడి దగ్గరికెళ్లి, రేపు ఫలానా సినిమాలో మిమ్మల్ని వాడుకుంటామని ఎవరు సంతకం పెట్టించుకుంటారు? దర్శకుడి అభిప్రాయంతో ఆయనకు సంబంధమే లేదు.

అసలు చిక్కు మూడోదాంతోనే, రీలు అబద్ధం చెప్పదన్న మాటతో. 1953 అక్టోబర్ 1న నెహ్రూ కర్నూలులో ఆంధ్ర రాష్ట్రాన్ని ప్రారంభించారు. ప్రకాశం ముఖ్యమంత్రి, సంజీవరెడ్డి ఉప ముఖ్యమంత్రి. ఇది చరిత్ర, పేచీ లేదు. కానీ ఆ కాలపు న్యూస్‌రీళ్లలో చాలావరకు బొమ్మ మూగగా తీసి, వ్యాఖ్యానం, సంగీతం తర్వాత ఎక్కించేవారు. మనం వినేది ఆ రోజు మైదానంలో వినిపించింది కాకపోవచ్చు. ఎడిటింగ్ టేబుల్ మీద ఒక సభ చప్పట్లను ఇంకో సభకు అతికించడం కూడా పెద్ద పనేం కాదు. పైగా మన రాష్ట్రాన్ని నెహ్రూ ఇలా ప్రారంభించింది రెండుసార్లు. 1956 నవంబర్ 1న హైదరాబాద్‌లో ఆంధ్రప్రదేశ్‌ను కూడా ఆయనే ప్రారంభించారు, అప్పుడు ముఖ్యమంత్రి సంజీవరెడ్డి. ఆయన ముఖ్యమంత్రిగా ప్రమాణం చేస్తున్న క్లిప్ పెట్టి కింద ‘కర్నూలు, 1953’ అని రాస్తే, బొమ్మ నిజమే, మాట అబద్ధం. గుడారాల్లో ఆఫీసులు నడిపి రాజధానిని మోసిన కర్నూలుకు కనీసం సరైన క్లిప్ అయినా పంపాలి కదా!

నాయకుల పేర్ల కోసం ఇంత గొడవ పడేవాళ్లు, ఆ రీళ్లలో ఎండలో నిలబడిన జనం ఎవరని ఒక్కసారీ అడగరు. వాళ్ల పేర్లు ఏ వెబ్‌సైట్‌లోనూ లేవు. అప్పుడు పిల్లలుగా ఉన్నవాళ్లకు ఇప్పుడు ఎనభై అటూఇటూ ఉంటాయి. ఆ రీళ్లేవో కర్నూలులోనే ఒక తెర కట్టి వేస్తే, ‘అడుగో మా చిన్నాయన’ అనేవాళ్లు ఇంకా దొరుకుతారు.