పటమట నుంచి సింగ్‌నగర్‌కి బెంగళూరు మీదుగా వచ్చిన పెళ్లి పిలుపు

పొద్దున పదకొండింటికి కొరియర్ అబ్బాయి ఫోను. "మేడమ్, సింగ్‌నగర్ ఫ్లైఓవర్ దిగాక ఎటు రావాలి?" నేనేం ఆర్డర్ పెట్టలేదే అనుకుంటూ కిందికి దిగితే ఇటుకంత బరువున్న పెట్టె చేతిలో పెట్టాడు. లేత గులాబీ రంగు, శాటిన్ రిబ్బను, మూత తీస్తే కాగితం తురుము, పైన నాలుగు ఎండిపోయిన పూలు. మా అత్తయ్య వెనక నుంచి తొంగిచూసి, "ఎండుపూలు పంపారేంటమ్మా, ఎవరైనా పోయారా?" అంది.

ఎవరూ పోలేదు అత్తయ్యా. నా ఫ్రెండుకి పెళ్లి కుదిరింది. నన్ను బ్రైడ్స్‌మెయిడ్‌గా ఉండమని అడుగుతోంది. అది ఉండేది ఇదే బెజవాడలో, పటమటలో. బండి మీద బయల్దేరితే అరగంట పట్టదు. ఈ పెట్టె మాత్రం బెంగళూరులో బయల్దేరి హైదరాబాద్‌లో ఒక రాత్రి నిద్రచేసి మా ఇంటికొచ్చింది, ట్రాకింగ్‌లో అంతా ఉంది.

లోపల సరుకు చెప్తా వినండి. సెంటు వాసనొచ్చే కొవ్వొత్తి ఒకటి. వీపు మీద 'టీమ్ బ్రైడ్' అని కుట్టిన శాటిన్ నైటీ ఒకటి (నైటీ అనకూడదట, రోబ్ అట). షాంపేన్‌లా కనిపించే ద్రాక్ష రసం బుడ్డి. పేరు రాసిన కప్పు. చివర్లో గీకే కార్డు. ఫోన్‌పేలు వచ్చాక ఇళ్లల్లో రూపాయి బిళ్లలు ఎక్కడున్నాయండీ, బీరువా తాళంచెవితో గీకా. 'నువ్వు పక్కన లేకుండా నేను ఐ డూ అనలేను, నా బ్రైడ్స్‌మెయిడ్‌వి అవుతావా?' అని తేలింది.

చర్చి పెళ్లిలో ఒప్పుకుంటున్నా అని చెప్పే ఆ ఐ డూ నువ్వెప్పుడంటావే తల్లీ? మన పెళ్లిలో పెళ్లికూతురు నోరు తెరిచే ఘట్టం ఏది? నాతిచరామి అనేది కూడా ఆయనగారే. నీకు పంతులుగారు తల ఎత్తమన్నప్పుడు ఎత్తడం, దించమన్నప్పుడు దించడం.

అమెరికాలో ఈ పద్ధతి ఉందంటే దానికో అర్థముంది. అక్కడ బ్రైడ్స్‌మెయిడ్స్ చర్చిలో పెళ్లికూతురి పక్కన వరసగా నిలబడతారు, నెలల ముందు నుంచి పార్టీలు పెడతారు, డ్రెస్సు కూడా చాలాసార్లు సొంత డబ్బుతోనే కొనుక్కుంటారు. అంత చాకిరీ చేయించుకునేటప్పుడు ముందు ఒక మాట అడగడం, చిన్న బహుమతి ఇవ్వడం మర్యాదే. మనవాళ్లు అందులోంచి మర్యాద వదిలేసి పెట్టె పట్టుకున్నారు. పెళ్లికొడుకు వైపు ఫ్రెండ్స్‌కి కూడా పెట్టెలు వెళ్లాయట, కఫ్‌లింకులు, నల్ల కళ్లజోడు పెట్టి. పంచె కట్టుకున్నోడు కఫ్‌లింకులు ఎక్కడ తగిలించుకుంటాడు? పెళ్లిపీటల దగ్గర నల్ల కళ్లజోడెందుకు, హోమం పొగకా?

మనకి తోడి పెళ్లికూతురు లేదా? ఎనిమిదేళ్లప్పుడు తెనాలిలో మా పిన్ని పెళ్లికి నేనే. నన్నెవరూ 'అవుతావా' అని అడగలేదు. మా అమ్మమ్మ జడ పట్టుకుని లాక్కెళ్లి పీట మీద కూలేసింది. పట్టులంగా దురద, హోమం పొగకి కళ్లు మంట, పిన్ని కోసం తెచ్చిన పాలల్లో సగం నేనే తాగేశా. దాని రీలు ఎక్కడా లేదు, అయినా పిన్ని ఇప్పటికీ చెప్పుకుంటుంది.

పిలవడమంటే మా అమ్మని చూడాలి. నా పెళ్లికి మొదటి కార్డు బెజవాడ వచ్చి దుర్గమ్మ పాదాల దగ్గర పెట్టి, తిరిగి గుంటూరు వెళ్లి, అరండల్‌పేట నుంచి లక్ష్మీపురం దాకా కుంకుమ భరిణె పట్టుకుని ఇల్లిల్లూ తిరిగింది. ప్రతి ఇంట్లో కూర్చోవాలి, కాఫీ వద్దనాలి, తాగాలి, వాళ్ల మోకాళ్ల నొప్పులు వినాలి, అప్పుడు బొట్టు పెట్టి "ముందు రోజే వచ్చెయ్యాలి వదినా" అనాలి. ఒక్క ఇంట్లో తాళం వేసుందని నాన్న కార్డు గేటుకి గుచ్చి వచ్చేశారు. ఆ పెద్దమ్మ పెళ్లికి వచ్చింది, భోంచేసింది, నాలుగేళ్లు మాత్రం మాట్లాడలేదు. "గేటుకి గుచ్చడానికి నేనేమన్నా కరెంటు బిల్లునా" అని. అప్పుడు నవ్వుకున్నాం గానీ, పెద్దమ్మా, ఇవాళ నీ బాధ నాకు తెలిసింది.

ఇంతలో మేడమ్‌గారి వాట్సాప్. "బాక్స్ వచ్చిందా? ఓపెన్ చేసేటప్పుడు వీడియో తియ్యవే. ఏడిస్తే ఇంకా బాగొస్తుంది."

ఏడుపొచ్చేదే, కానీ దాని మూలంగా కాదు. కప్పు మీద నా పేరున్న స్టిక్కర్ మూల కొంచెం లేచి ఉంది. లేచిన స్టిక్కర్ని వదిలిపెట్టే గోళ్లు కావు నావి. లాగా. కింద బంగారు రంగులో అచ్చయిన ఇంకో పేరు. దాని హైదరాబాద్ ఆఫీసు అమ్మాయిది. పోయిన నెలే కదా ఆ పిల్ల ఆన్‌సైట్ వెళ్తున్నానని ఎయిర్‌పోర్టు ఫొటో పెట్టింది! బ్రాడీపేట ట్యూషన్‌కి ఒకే సైకిల్ మీద వెళ్లినవాళ్లం, ముందు కడ్డీ మీద అది, తొక్కేది నేను. పదిహేనేళ్ల స్నేహానికి దక్కింది ఖాళీ పడిన సీటు.

సరే, మాటొచ్చింది కాబట్టి అనేస్తా. 2019లో నా పెళ్లికి దీన్ని నేనెలా అడిగానో తెలుసా? పట్నం బజార్లో గాజులు కొంటూ, చేతికి సబ్బు రాసుకుని గాజు ఎక్కించుకుంటూ, "ముందు రోజు రాత్రి నాతోనే పడుకోవే, నాకు భయంగా ఉంది" అన్నా. "అడగాలా ఏంటే" అంది. అంతే, ఇద్దరం శంకర్ విలాస్ సెంటర్‌కి నడుచుకుంటూ వచ్చేశాం.

పెళ్లినాడు రిసెప్షన్‌కి ఎనిమిదీ ముప్పావుకి వచ్చింది. స్టేజీ ఎక్కింది, ఫొటో దిగింది, తొమ్మిదిన్నరకి "పొద్దున్నే కాల్ ఉందే" అని బెజవాడ వెళ్లిపోయింది. ముహూర్తం రెండూ యాభై రెండుకి. మధుపర్కాలు ఇచ్చారు, కట్టుకు రావడానికి పది నిమిషాలన్నారు. బియ్యం బస్తాల గదిలో ఒక్కదాన్నీ నిలబడి ఉన్నా, జాకెట్ హుక్కు ఊడింది, చేతుల నిండా గోరింటాకు, గాజులు, బాసికం కళ్లమీదికి జారుతోంది. అమ్మని పిలుద్దామంటే మేళం హోరు. చివరికి క్యాటరింగ్ ఆవిడ గిన్నెలు తీసుకెళ్దామని వచ్చి నన్ను చూసి, తడిచేతులు కొంగుకి తుడుచుకుని, తన జాకెట్‌కున్న పిన్నీసు తీసి నాకు పెట్టింది. ఆవిడ చేతులు సాంబారు వాసనొచ్చాయి. ఆవిడ పేరు కూడా అడగలేదు నేను.

పోనీలే, మర్చిపోయా అనుకున్నా. 2024 సెప్టెంబర్‌లో బుడమేరు నీళ్లొచ్చినప్పుడు మేము కింద పోర్షన్‌లో ఉన్నాం. పెళ్లి ఆల్బమ్ బీరువా అడుగు అరలో ఉండిపోయింది. నీళ్లు తీశాక చూస్తే పేజీలన్నీ అంటుకుపోయి అప్పడాల కట్టలా అయ్యింది. జీలకర్ర బెల్లం పోయింది, తలంబ్రాలు పోయాయి. ఒక్క పేజీ ఊడొచ్చింది. ఏదో చెప్పండి. అదే. స్టేజీ మీద నా పక్కన నిలబడి ఫోను చూసుకుంటున్న ఈ మహాతల్లి ఫొటో.

ఇప్పుడు కార్డు వెనకాల ఉన్న క్యూఆర్ కోడ్ కొడితే ఫారమ్ తెరుచుకుంది. అందరూ లావెండర్ ఆర్గాంజానే కట్టాలట, ఎవరిది వాళ్లే కొనుక్కోవాలట, మేకప్ ఆవిడకి తలా ఆరున్నర వేలట. జాకెట్ కొలతలున్నాయి, ఇష్టమైన కాఫీ అడిగింది, హ్యాష్‌ట్యాగ్ ఉంది. ముహూర్తం ఎన్నింటికో మాత్రం పెట్టెలో గానీ ఫారమ్‌లో గానీ ఎక్కడా లేదు. ఆఖరి ప్రశ్న 'వస్తున్నావా?' దానికి రెండే జవాబులు. 'యెస్', 'కచ్చితంగా యెస్'.

మా అత్తయ్య ఆ రోబ్ తీసుకెళ్లి కుట్టుమిషన్ మీద కప్పింది, దుమ్ము పడకుండా సరిగ్గా సరిపోయిందట.

నన్ను తిట్టేవాళ్లు తర్వాత తిట్టండి. యెస్ నొక్కేశా, మామూలు యెస్సే. లావెండర్ రంగుకి సరిపోయే లైనింగ్ వన్‌టౌన్‌లో ఏ కొట్లో దొరుకుతుందో, వారంలో జాకెట్ కుట్టి ఇచ్చే టైలర్ ఎవరున్నారో చెప్పండి ముందు. హుక్కులు మాత్రం గట్టిగా కుట్టేవాళ్లయ్యుండాలి.