తోడు అడగడానికి వెళ్ళిన బామ్మ, సౌండ్ పెంచుకున్న మగాళ్ళు

మా అపార్ట్‌మెంటు వాట్సాప్ గ్రూపులో 42 మంది మగాళ్ళం ఉన్నాం. పార్కింగులో ఎవరి స్కూటీ అయినా గీత దాటిందంటే అర్ధరాత్రి కూడా వాయిస్ మెసేజ్‌లే. నిన్న రాత్రి పదకొండింటికి మూడో అంతస్తులో ఆ అమ్మాయి ఏడుపు మెట్ల దాకా వినిపిస్తుంటే మాత్రం ఒక్కడూ నోరు మెదిపితే ఒట్టు. దాచుకోవడం ఎందుకు, నేను టీవీ సౌండ్ పెంచాను.

చివరికి వెళ్ళిందెవరు? రెండో అంతస్తు బామ్మగారు. డెబ్బై దాటిన మనిషి, మోకాళ్ళ నొప్పులు. లిఫ్టు ఎప్పట్లాగే చెడిపోయింది (నెలనెలా మెయింటెనెన్స్ మాత్రం ఒకటో తారీఖుకల్లా కట్టాలి). చేతిలో చిన్న స్టీలు గిన్నె. బెల్లు కొట్టి "పాలు తోడు పెడదామంటే ఇంట్లో మజ్జిగ చుక్క లేదు నాయనా, కాస్త ఇప్పించు" అందట. లోపలికెళ్ళి సోఫాలో అరగంట కదలకుండా కూర్చుందట. 2008లో టీవీలో "బెల్ బజావో" ప్రకటనలు వచ్చేవి, గుర్తుందా? పక్కింట్లో దెబ్బలు వినిపిస్తే ఏదో వంకతో బెల్లు కొట్టమని చెప్పింది మగాళ్ళకే. మనం చూసి చానెల్ మార్చేశాం.

పొద్దున ప్రెసిడెంటుగారి మెసేజ్: "మొగుడూ పెళ్ళాల మధ్య బయటివాళ్ళు దూరడం మన కల్చర్ కాదు. రేపు కేసులైతే అందరం స్టేషన్ చుట్టూ తిరగాలి." కింద పదిహేడు బొటనవేళ్ళు! మహానుభావా, 2005 గృహహింస చట్టం నాలుగో సెక్షన్ ప్రకారం ఎవరైనా సమాచారం ఇవ్వొచ్చు, మంచి ఉద్దేశంతో ఇచ్చినవాళ్ళ మీద కేసు ఉండదు.

ఈయనే, 2019 డిసెంబరు 6న దిశ కేసు నిందితుల్ని పోలీసులు కాల్చేసిన చటాన్‌పల్లి ఎన్‌కౌంటర్ వార్త రాగానే సెల్లారులో స్వీట్లు పంచాడు. ఆ ఎన్‌కౌంటర్ గురించి సుప్రీంకోర్టు వేసిన కమిషన్ తర్వాత ఏం తేల్చిందో ఆయనకు అక్కర్లేదు. ఎక్కడో ఎవరో కాల్చాలి, మనం స్వీట్లు తినాలి. మెట్లెక్కి ఒక బెల్లు నొక్కమంటే మాత్రం కల్చర్ అడ్డొస్తుంది.

పిరికివాణ్ణి "గాజులు తొడుక్కో" అంటాం కదా. నిన్న బెల్లు నొక్కిన చేతికి గాజులున్నాయి. మా చేతులకు స్మార్ట్‌వాచీలున్నాయి, రోజుకు ఎన్ని అడుగులు నడిచామో లెక్క చెప్తాయి.

2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో తెలంగాణ మగాళ్ళు నూటికి 70 మంది ఏదో ఒక కారణానికి పెళ్ళాన్ని కొట్టడం సబబే అన్నారు. అత్తమామలకు మర్యాద ఇవ్వకపోతే, కూర సరిగ్గా వండకపోతే, ఇలాంటివే ఆ కారణాలు. ఆడవాళ్ళలో 84 మంది అన్నారు, "చూశావా, వాళ్ళే ఒప్పుకుంటున్నారు" అని మనవాళ్ళు గంతులేస్తారు. ఒప్పుకోక ఎక్కడికి పోతారు?

మా అక్క ఎక్కడికి పోయింది? చెవి వాచిపోయి పుట్టింటికొస్తే మా వసారాలో నలుగురు పెద్దమనుషులు కూర్చున్నారు. వాళ్ళకు కాఫీ పెట్టింది కూడా అక్కే. "చెయ్యి చేసుకోని మొగుడు ఎవడుంటాడమ్మా, సర్దుకుపో" అన్నాడు మా పెదనాన్న. కాఫీలో చక్కెర తగ్గిందని కూడా అన్నాడు. అప్పుడు నేను ఇంటర్ చదువుతున్నాను. లోపలికెళ్ళి చక్కెర డబ్బా తెచ్చిచ్చాను.

ప్రెసిడెంటుగారూ, ఇది చదివి నన్ను గ్రూపులోంచి తీసేస్తారని తెలుసు. తీసేయండి. లిఫ్టు మాత్రం బాగుచేయించండి, బామ్మగారు మళ్ళీ పైకి వెళ్ళాల్సి రావొచ్చు.