కోర్టులో అద్దె క్షేమం

సొమ్ము ఎక్కడ దాచాలంటే పెద్దలు బంగారమంటారు, భూమంటారు. నన్నడిగితే కోర్టు డిపాజిట్ అంటాను. దొంగ ఎత్తుకుపోలేడు, బావమరిది చేబదులు అడగలేడు. సొమ్ముగలాయనా తీసుకోలేడు, అదీ దాని గొప్పతనం.

హైదరాబాద్‌లో ఓనరు అద్దె పుచ్చుకోనంటే కిరాయిదారుకు 1960 నాటి అద్దె నియంత్రణ చట్టం దారి చూపించింది. బ్యాంకు పేరు చెప్పమని నోటీసివ్వాలి. చెప్పకపోతే మనియార్డరు పంపాలి, కమిషన్ మినహాయించుకుని. అదీ తిరిగొస్తే రెంట్ కంట్రోలర్ దగ్గర జమ కట్టాలి. ఇంతవరకూ ఇద్దరి తగాదా. డబ్బు పోగవుతోందని తెలియగానే మూడో మనిషి దిగుతాడు, చేతిలో ప్రోనోటుతో. ఓనరుగారు తనకు బాకీ అంటాడు. ఆ సంతకం నాది కాదంటాడు ఓనరు. నిజం విచారణలో తేలాలి. ఈలోగా ఓనరు ఆ అద్దె తీసుకోకుండా ఇంజంక్షన్ ఇవ్వాలనీ, వీలైతే తీర్పుకు ముందే జప్తు చెయ్యాలనీ పిటిషన్ పడుతుంది.

దాంతోపాటు వేసే అఫిడవిట్ చదివి తీరాలి. ప్రతివాది తన యావదాస్తినీ హుటాహుటిన అన్యాక్రాంతం చేసి, డిక్రీ ఫలం వాదికి దక్కకుండా చేయబోతున్నట్టు ‘విశ్వసనీయంగా తెలిసింది’. ఎవరు చెప్పారో ఉండదు. ఏ ఆస్తి ఎవరికి అమ్ముతున్నాడో ఉండదు. పడక్కుర్చీలోంచి లేవాలంటే మనవడి చెయ్యి కావలసిన ముసలి ఓనరు, అఫిడవిట్‌లో మాత్రం తెల్లారేసరికి జిల్లా దాటేస్తుంటాడు. తీర్పుకు ముందు జప్తుకు దారిచ్చే సివిల్ ప్రొసీజర్ కోడ్ 38వ ఆర్డరు 5వ రూలు అడిగేది ఆ మాటలే కనక అందరూ అవే రాస్తారు. టైపిస్టుకు పేర్లు మార్చడమే పని.

ఈ విద్య మనదేనని గర్వపడే వీల్లేదు. తీర్పు రాకుండా ప్రతివాది డబ్బు కట్టడి చేసేది లేదని ఇంగ్లీషు కోర్టులు 1890 నుంచీ భీష్మించుకున్నాయి. 1975లో మరేవా అనే ఓడ వచ్చింది. దాన్ని అద్దెకు తీసుకున్నవాళ్లు, ఫ్రాన్స్ నుంచి ఎరువులు తెచ్చిపెట్టమని భారత ప్రభుత్వానికే తిరిగి అద్దెకిచ్చారు. మన హైకమిషన్ లండన్ బ్యాంకులో కిరాయి కట్టింది. ఓడను అద్దెకు తీసుకున్నవాళ్లేమో దాని ఓనర్లకు అద్దె ఆపేశారు. ఇంగ్లీషు జడ్జి లార్డ్ డెనింగ్ ఆ బ్యాంకు డబ్బు కదలకూడదన్నారు. అలా ఈ పుణ్యకార్యానికి పేరు తెచ్చిన పెట్టుబడి మన ఎరువుల కిరాయే. కాకపోతే అక్కడ ఎగవేత కళ్లకు కనిపిస్తూనే ఉంది. ఆ లోపాన్ని మనవాళ్లు సరిదిద్దారు: బాకీ ఉందో లేదో తేలకపోయినా పని జరగాలన్నారు.

హామీ లేని అప్పును హామీ ఉన్న అప్పుగా మార్చుకోవడానికి ఈ రూలు లేదనీ, ప్రతివాదిని రాజీకి లొంగదీసే ఆయుధంగా వాడనివ్వొద్దనీ సుప్రీంకోర్టు 2007లో రామన్ టెక్ కేసులో చెప్పింది. వాది లాయరు కూడా ఆ తీర్పునే భక్తిగా చదివి, ‘మాది అలాంటి కేసు కాదండి’ అని కూర్చుంటాడు.

అద్దె ఆగుతుంది కానీ ఆస్తి పన్ను ఆగదు. దానికి ఇంజంక్షన్ లేదు. రెండు నోటీసులు వచ్చేసరికి ముసలాయనే కబురు పెడతాడు: సగానికి ఒప్పుకుంటారేమో కనుక్కోండి.

పట్టుబట్టి పోరాడి, ప్రోనోటు దొంగదని తేల్చాడే అనుకోండి. అదే కోడ్ 95వ సెక్షను కింద నష్టపరిహారం అడగొచ్చు, 50 వేలకు మించకుండా. 1999 సవరణకు ముందు అది వెయ్యి రూపాయలే. ఒక్కసారిగా యాభై రెట్లు పెంచితే మాలాంటివాళ్లు దావాలెలా వేస్తామండీ అని ప్రోనోటు పెద్దమనిషి గోడు.