మా కారుకు పొలమారింది

మహర్నవమి నాడు కారు కడగడం మా ఇంట్లో పదకొండేళ్ళుగా వస్తున్న ఆచారమే గాని, బానెట్ ఎత్తి ఇంజను మీద కూడా పైపు పెట్టడం మాత్రం నిరుడు నాకు కొత్తగా పుట్టుకొచ్చిన భక్తి. ఆయుధపూజ అన్న తరువాత ఆయుధాన్ని పైపైన తుడిచి బొట్టు పెడితే అమ్మవారు ఊరుకుంటుందా, లోపల ఇంజను దుమ్ము కొట్టుకుని ఉంటే పైనున్న పసుపు కుంకుమలకు విలువేముంటుంది అని నాలో నేనే తర్కించుకుని, విశాఖపట్నం ఎంవీపీ కాలనీలోని మా అపార్ట్‌మెంటు సెల్లారులోకి మొక్కలకు నీళ్ళు పట్టే పైపు లాక్కొచ్చి, కొళాయి పూర్తిగా తిప్పి, ఇంజనుకు సహస్ర ఘటాభిషేకం చేశాను. మెట్ల దగ్గర నిలబడిన మా ఆవిడ, "ఇంజను మీద నీళ్ళు కొట్టొచ్చంటారా?" అని ఒకే ఒక్క ప్రశ్న అడిగింది. "వానలో తిరిగే బండికి నీళ్ళంటే భయమేమిటి?" అన్నాను. ఆ జవాబు నాకు ఎంత నచ్చిందంటే, సాయంత్రం ఫోను చేసిన మా బావమరిదికి కూడా దాన్ని వినిపించి, నవ్వాక గాని పెట్టనివ్వలేదు.

దశమి వెళ్ళిన మరునాడు మా అత్తగారిని తీసుకుని సింహాచలం బయలుదేరాము. హనుమంతవాక, ఆరిలోవ దాటేంతవరకు బండి కాస్త నలతగా ఉన్నట్టు అనిపించినా పట్టించుకోలేదు. అడవివరం దాటి కొండ ఎక్కడం మొదలుపెట్టగానే, ఇంజను ఒక్కసారి దగ్గి, వణికి, మళ్ళీ సర్దుకుని, మళ్ళీ దగ్గింది. రెండో మలుపుకల్లా డ్యాష్‌బోర్డు మీద ఇంజను బొమ్మ ఉన్న పసుపు దీపం కళ్ళు ఆర్పడం ప్రారంభించింది. వెనుక సీటులోంచి మా అత్తగారు, "అయ్యో, బండికి పొలమారుతోంది బాబూ, ఎవరో తలచుకుంటున్నారు; నెత్తిన కొంచెం తట్టండి" అన్నారు. పెద్దావిడ మాట తీసెయ్యలేక డ్యాష్‌బోర్డు మీద రెండుసార్లు తట్టాను కూడా. తలచుకుంటున్నది మెకానిక్కే అయి ఉంటాడన్న సంగతి అప్పుడు స్ఫురించలేదు. అప్పన్న దర్శనం చేసుకుని దిగేటప్పుడు దారి పల్లం గనుక బండి బుద్ధిగా దిగింది, అది స్వామి మహిమ అని అత్తగారు తేల్చేశారు.

ఆ దీపం వెలిగి ఊరుకుంటే ఒక సంగతి, ఆగి ఆగి వెలుగుతుంటే వేరే సంగతి. వెలిగి నిలిచిపోతే వీలు చూసుకుని బండిని చూపించుకోమని అర్థం; కళ్ళార్పుతుంటే మాత్రం ఏదో సిలిండరులో పెట్రోలు మండకుండా పొగగొట్టంలోకి పోతోందని, అలాగే తోలితే అక్కడ పొగను శుభ్రం చేసే కెటలిటిక్ కన్వర్టరు మాడి, వేలల్లో తేలవలసిన ఖర్చు మరింత పెద్దదవుతుందని అర్థం. ఇంత తెలిసినవాణ్ణి గనుకనే మెకానిక్కును పిలవలేదు. నా దగ్గర ఒక స్కానరు ఉంది; స్టీరింగు కింద ఉన్న సాకెట్టులో గుచ్చి ఫోనుకు కలిపితే కారు తన బాధను అంకెల్లో చెప్పుకుంటుంది. మా కారు "పీ 0302" అని చెప్పుకుంది. అందులో 03 అంటే మంట తప్పుతోందని, చివరి 2 అంటే తప్పుతున్నది రెండో సిలిండరులోనని. నేను విజయగర్వంతో మెట్లెక్కి వచ్చి, "రెండో సిలిండరు వెలగడం లేదు" అని ప్రకటించాను. మా అత్తగారు కంగారుగా వంటింట్లోకి వెళుతూ, "అదేమిటి, మొన్ననేగా గ్యాసువాడు తెచ్చి పెట్టాడు!" అన్నారు.

తప్పు, పెట్రోలును అంటించే నిప్పురవ్వకు కరెంటు అందించే ఇగ్నిషన్ కాయిల్‌దేనని తేల్చుకుని, ఇక అక్కడి నుంచి నేను దాని మీద ఉపన్యాసం మొదలుపెట్టాను. 1831లో ఫారడే కనిపెట్టిన విద్యుదయస్కాంత ప్రేరణ తప్ప ఇందులో ఇంకో రహస్యం లేదు. ఇనుప కడ్డీ చుట్టూ లావు తీగ కొన్ని వందల చుట్లు, దానిమీద వెంట్రుకలాంటి సన్న తీగ వేల చుట్లు. లావు తీగలో పారుతున్న కరెంటును టక్కున ఆపేస్తే అయస్కాంత క్షేత్రం కూలిపోయి, బ్యాటరీ ఇచ్చిన 12 వోల్టులు సన్న తీగ కొసకు వచ్చేసరికి 20,000 వోల్టులు దాటి, సిలిండరులోని స్పార్క్ ప్లగ్గు కొనలో మిల్లీమీటరు పాటి సందును నిప్పురవ్వగా దూకుతాయి. పాత కార్లలో ఒకే కాయిలు ఉండి డిస్ట్రిబ్యూటరు ద్వారా అందరికీ వంతులవారీగా వడ్డించేది, అది ఉమ్మడి కుటుంబం. ఇప్పటి కార్లలో ఒక్కో ప్లగ్గు నెత్తిన ఒక్కో కాయిలు, ఎవరి పొయ్యి వారిదే. నిమిషానికి 800 చుట్లు తిరుగుతూ ఊరికే నిలబడిన ఇంజనులో కూడా ప్రతి కాయిలూ నిమిషానికి 400 సార్లు నిప్పు పుట్టించాలి. మా ఆవిడ పెసరట్టు తిరగేస్తూ అంతా విని, "పన్నెండును ఇరవై వేలు చేసేది ఇంట్లో జీతానికి కూడా ఏదైనా దొరుకుతుందేమో కనుక్కోండి" అంది.

మర్నాడు సిటీ బస్సులో ఎన్ఏడీ కూడలి మీదుగా గాజువాక వెళ్ళి, ఆటోనగర్‌లో 2,400 రూపాయలు పోసి కొత్త కాయిలు కొన్నాను. "పాతది తెచ్చారా? పరీక్ష చేయించారా?" అని కొట్టువాడు అడిగాడు. కారే స్వయంగా చెప్పిందన్నాను. అతను నా తల మీదుగా గోడ వైపు ఒకసారి చూశాడు; అక్కడ "ఎలక్ట్రికల్ సామాను వాపసు తీసుకోబడదు" అని రాసి ఉంది. ఆ చూపులోని జాలి ఇంటికి వచ్చేదాకా నాకు అర్థం కాలేదు.

శస్త్రచికిత్స సెల్లారులో జరిగింది. ముందుగా బ్యాటరీ నెగెటివ్ తీగ విప్పాను. ఇది మాత్రం నేను సరిగా చేసిన పని గనుక ప్రత్యేకంగా చెప్పుకుంటున్నాను. పై మూత తీస్తే నాలుగు కాయిళ్ళు వరసగా, నల్లటి బొటనవేళ్ళలాగా కనిపించాయి. ఒక్కో దానికి ఒక పది నంబరు బోల్టు, ఒక బూడిదరంగు కనెక్టరు. ఆ కనెక్టరుకు చిటికెన వేలి గోరంత లాకు ఒకటి ఉంటుంది. దాన్ని నొక్కిపట్టి లాగాలి. కొత్తలో అది మెత్తగా వంగేదేమో గాని, పదకొండు వేసవులు ఇంజను వేడికి ఉడికి, మరమరాల్లా పెళుసెక్కింది. నేను ఊపిరి బిగబట్టి, బొటనవేలి గోటితో సున్నితంగా, ఎంతో సున్నితంగా నొక్కాను. "టిక్" మంది. వేరుశనగ పొట్టులాంటి ముక్క ఒకటి ఎగిరి నా చొక్కా జేబులో పడింది. పక్కన టార్చిలైటు పట్టుకుని నిలబడిన మా వాచ్‌మన్, "ఇరిగిపోనాదండి" అని, నాకు కనిపించలేదేమోనన్న సానుభూతితో వివరించాడు.

ఆ తరువాత బోల్టు విప్పే పది నంబరు సాకెట్టు చేతిలోంచి జారి, ఇంజనులో ఎక్కడో ఒకచోట, మరొకచోట, ఇంకొకచోట తగిలిన చప్పుడు చేసుకుంటూ పాతాళానికి వెళ్ళిపోయింది. కింద నేల మీద పడిన చప్పుడు మాత్రం వినిపించలేదు. మేమిద్దరం బండి కిందికి వంగి చాలాసేపు వెతికాము. ప్రపంచంలో ఏ పెట్టెలోనైనా ముందు మాయమయ్యేది పది నంబరు సాకెట్టేనని అనుభవజ్ఞులు అంటారు గాని, నాది కొన్న రెండు గంటలకే మాయం కావడం వేగంలో విశేషం. వాచ్‌మన్ సైకిలు సామాన్లలోంచి స్పానరు తెచ్చి ఇవ్వగా, రెండో కాయిలు పీకి, కొత్తది దించి, విరిగిన లాకుకు బదులు కేబుల్ టై బిగించి, బండి స్టార్టు చేశాను.

బండి మునుపటికంటే ఉత్సాహంగా దగ్గింది. స్కానరు మళ్ళీ పీ 0302 అంది.

ఈ పాటికి సెల్లారులో జనం చేరారు. 2020 అక్టోబరులో బంగ్లాదేశ్ సరుకుల ఓడ వాయుగుండం గాలికి తెన్నేటి పార్కు దగ్గర ఒడ్డెక్కి కూర్చుంటే, ఊరంతా దాన్ని చూడ్డానికి వెళ్ళింది. అదే రకం ఆసక్తితో మా అపార్ట్‌మెంటువాళ్ళు పాల ప్యాకెట్లతో, కూరల సంచులతో వచ్చి నా కారును, నన్ను చూసి వెళ్ళసాగారు. ఓడను అంతమంది చూశారు గాని ఎవరూ సలహా ఇవ్వలేదనుకుంటాను. నాకు ఆ అదృష్టం లేకపోయింది. మూడో అంతస్తు బాబాయిగారు షిప్‌యార్డులో ఎలక్ట్రికల్ పని చేసి రిటైరయినవారు, జానెడు పొడవు కాయిలును చేతిలోకి తీసుకుని, ఓడల్లో తాము చూసిన మోటార్ల ముందు ఇది దోమలాంటిదని చెప్పి, "అబ్బాయ్, కొనడం కాదు, తారుమారు చెయ్యాలి. రెండోదాన్ని మూడోచోట, మూడోదాన్ని రెండోచోట పెట్టు. కాయిలుతోపాటు జబ్బు కూడా మూడోచోటికి పోతే తప్పు కాయిలుది, అక్కడే ఉంటే కాయిలు మంచిది, తప్పు ఇంకోచోట ఉంది" అన్నారు. ఈ పద్ధతి నిజంగా సరైనదే. 2,400 రూపాయలు ఖర్చు కాకముందు చెప్పి ఉంటే ఇంకా సరైనదిగా ఉండేది.

తారుమారు చేశాము. ఈసారి పక్కదాన్ని పీకినప్పుడు దాని రబ్బరు గొట్టం కొస తడిగా ఉంది. నేను బాబాయిగారికి చూపించాను. ఆయన వేలితో తాకి, వాసన చూసి, కళ్ళజోడు పైకి నెట్టి, "సముద్రపు గాలి నాయనా. విశాఖపట్నంలో మనుషులకే కాదు, ఇనుముకు కూడా చెమట పడుతుంది. హార్బరులో నలభై ఏళ్ళు చూశాను" అని తేల్చారు. ఇంత అనుభవం ఎదురుగా ఉన్నప్పుడు సందేహించడం అవినయమనిపించి, నా పంచె కొసతో ఆ చెమటను శుభ్రంగా తుడిచి పక్క ప్లగ్గు గుంతలో దించాను. స్కానరు తన మాట మార్చలేదు. అంటే కాయిలు మంచిదేనని, నేను ఆటోనగర్ వెళ్ళిన పని దండగేనని తేలింది; అయితే జబ్బు ఎక్కడో మాత్రం తేలలేదు. బాబాయిగారు కాసేపు ఆలోచించి, కారు కంప్యూటరుకే మతి పోయిందని, దాన్ని మార్చాలంటే ఎంతవుతుందో కనుక్కోమని చెప్పి, మజ్జిగ వేళయిందని పైకి వెళ్ళిపోయారు.

మూడో రోజు మా ఆవిడ నాతో చెప్పకుండానే మద్దిలపాలెం మెకానిక్కుకు ఫోను చేసింది. పాతికేళ్ళు కూడా నిండని కుర్రవాడు స్కూటరు మీద వచ్చి, బానెట్ కింద నా కేబుల్ టైని చూసి మర్యాదగా నవ్వు ఆపుకుని, "రెండోది అని దేన్ని మార్చారండి?" అని అడిగాడు. చూపించాను. "అది మూడోదండి. మీరు ఇటునుంచి లెక్కెట్టారు. మీ బండికి టైమింగ్ చైను అటు ఉంది, ఆ పక్కనుంచి ఒకటి" అన్నాడు. ఎడమ నుంచి కుడికి లెక్కపెట్టడం మనకు ఓనమాలతోపాటే అబ్బిన అలవాటు. నాలుగు సిలిండర్ల ఇంజనులో తప్పు వైపు నుంచి మొదలుపెడితే రెండు మూడవుతుంది, మూడు రెండవుతుంది. నేను 2,400 రూపాయల కొత్త కాయిలును ఏ జబ్బూ లేని మూడో సిలిండరుకు కానుకగా సమర్పించానన్నమాట.

అతను అసలు రెండో కాయిలు పైకి లాగి, ఫోను వెలుతురు గుంతలోకి వేసి, ఒక క్షణం ఏమీ మాట్లాడలేదు. తరువాత, "ఏటండీ ఇది, నుయ్యి తవ్వించారా? నీలున్నాయి" అన్నాడు. నేను తొంగిచూశాను. లోతైన ఆ గుండ్రటి గుంత అడుగున, ప్లగ్గు తెల్లటి పింగాణీ మెడ వరకు నీళ్ళు నిలిచి, పైన సెల్లారు ట్యూబ్‌లైటు ప్రతిబింబం సన్నగా ఊగుతూ, చూడ్డానికి చాలా ప్రశాంతంగా ఉంది. ప్లగ్గు తీయబోతున్న నన్ను అతను చెయ్యి పట్టి ఆపాడు. నీళ్ళుండగా ప్లగ్గు విప్పితే అవి నేరుగా సిలిండరులోకి దిగుతాయట. పాత సిరంజికి సన్న గొట్టం తగిలించి తోడితే మూడు ఉద్ధరిణెల తీర్థం వచ్చింది, కాస్త తుప్పు రంగులో. ఇరవై వేల వోల్టులు ఎంత బలమైనవైనా సులువైన దారి కనిపిస్తే సందు దూకే శ్రమ పెట్టుకోవు. తడిసిన పింగాణీ మీదుగా పక్కనున్న ఇనుములోకి జారుకుంటాయి. ఇన్నాళ్ళూ మా రెండో కాయిలు శ్రద్ధగానే నిప్పు పుట్టిస్తోంది గాని, అది నీటి పాలవుతోంది.

అతను గుంతను ఆరబెట్టి, తుప్పు పట్టిన ప్లగ్గు మార్చి, రబ్బరు గొట్టాల అంచులకు గ్రీజు రాసి, అన్నీ బిగించాక, ఏ దురుద్దేశమూ లేకుండా, "ఇంజను కడిగారేటండి?" అని అడిగాడు.

సెల్లారులో అప్పుడు వాచ్‌మన్, మా ఆవిడ, అత్తగారు, కూరల సంచితో ఆగిన బాబాయిగారు ఉన్నారు. ఎవరూ మాట్లాడలేదు. చివరికి మా అత్తగారే గర్వంగా, "మహర్నవమి నాడు మా అల్లుడుగారు అభిషేకం చేశారు బాబూ" అన్నారు. బాబాయిగారు గొంతు సవరించుకుని, "అది చెమట కాదేమోనని నాకు మొన్ననే అనుమానం వచ్చింది" అన్నారు. మా ఆవిడ ఒక్క మాట కూడా అనలేదు. గోడ వారగా పడివున్న పైపును నెమ్మదిగా చుట్ట చుట్టి, భుజాన వేసుకుని, మెట్లెక్కి వెళ్ళిపోయింది.

బండి స్టార్టయింది. దగ్గలేదు. మెకానిక్కు కింది తొడుగులోంచి నా పది నంబరు సాకెట్టును కూడా వెతికి తీసి ఇచ్చి, ప్లగ్గు ఖరీదు కాక 300 రూపాయలు తీసుకున్నాడు. వట్టి పుణ్యానికి ఊడబీకిన మంచి కాయిలు ఇప్పుడు మా బీరువాలో, కారు కాగితాల పక్కన, పాలిథిన్ కవరులో భద్రంగా ఉంది.

ఆ సాయంత్రం ఏడు గంటలకు ఫోను మోగింది. మా బావమరిది. కుశల ప్రశ్నలు వేయకుండానే, "బావా, వానలో తిరిగే బండికి నీళ్ళంటే భయమేమిటి?" అని అడిగి, నేను నవ్వేదాకా ఫోను పెట్టలేదు.